బొమ్మ తిరిగేసరికి ఆగిందెవరు?

పిల్లలూ! ‘స్టాచ్యూ’ ఆట ఆడనివాళ్ళు మీలో ఎవరైనా ఉన్నారా? ఉండరనే అనుకుంటాను. ఒకడు గోడకేసి తిరిగి నిలబడతాడు. మిగతావాళ్ళు వెనకనుంచి అడుగులో అడుగు వేసుకుంటూ వస్తారు. వాడు గిరుక్కున తిరిగేసరికి ఎక్కడివాళ్ళు అక్కడ కొయ్యబొమ్మల్లా నిలబడిపోవాలి. కాలు కదిలిందా, అవుట్!

ఈ ఆట మన సొంతమని అనుకునేరు. కొరియా దేశపు పిల్లలూ ఆడతారు. అక్కడ గోడకేసి తిరిగినవాడు ముగుంగ్వా అనే పువ్వు పేరుతో ఒక మాట పాటలా అని, చివరి అక్షరం పూర్తవుతూనే వెనక్కి తిరుగుతాడు. ఆ ముగుంగ్వా ఎవరో కాదు, మన పెరట్లో మందారానికి దగ్గర చుట్టమే.

ఈ పిల్లల ఆట ప్రపంచమంతా తెలియడానికి కారణం ఒక సీరియల్. దాని పేరు ‘స్క్విడ్ గేమ్’. హ్వాంగ్ డాంగ్-హ్యక్ అనే దర్శకుడు తీశాడు. 2021 సెప్టెంబరు 17న నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చింది. అప్పుల్లో పీకలదాకా మునిగిపోయిన 456 మందిని ఒక దీవిలో చేర్చి, చిన్నప్పటి ఆటలు ఆడిస్తారు. గెలిచినవాడికి 4,560 కోట్ల వాన్లు, ఓడినవాడికి చావు. అదీ కథ. అప్పు మనిషిని ఎంతకి దిగజారుస్తుందో చూపించడానికి దర్శకుడు ఎంచుకున్న దారి అది. పెద్దలకోసం తీసినది, మీ వయసు వాళ్ళకి కాదు. ఆ మాట ఇక్కడే చెప్పేసి ముందుకు పోతాను.

మనకి కావలసింది దాని తరవాత వచ్చిన ఫోను ఆట. 2024 డిసెంబరు 17న ‘స్క్విడ్ గేమ్: అన్‌లీష్డ్’ అనే ఆట విడుదలయింది. బాస్ ఫైట్ అనే అమెరికా కంపెనీ తయారు చేసింది. ఒకేసారి 32 మంది దాకా ఆడవచ్చు. సీరియల్లోని భయమంతా ఇందులో నవ్వులాటగా మారిపోయింది. బొమ్మ మనుషులు పరిగెడతారు, తోసుకుంటారు, గోతిలో పడతారు, మళ్ళీ ఆటకి తయారు. ఇలాంటివాటిని ‘పార్టీ గేమ్స్’ అంటారు. 2020లో వచ్చిన ‘ఫాల్ గైస్’లో 60 మంది దాకా పరిగెత్తేవారు. అంతకు ముందు 1986లోనే జపాన్ టీవీలో ‘టకేషీస్ కాసిల్’ అనే కార్యక్రమంలో నిజం మనుషులే బురదలో పడుతూ లేస్తూ పరిగెత్తారు. మీ నాన్నగారిని అడగండి, ఆ కార్యక్రమం హిందీ వ్యాఖ్యానంతో చూసి పొట్ట చెక్కలయ్యేలా నవ్వి ఉంటారు.

సరే, అసలు తగువులోకి వద్దాం.

తొమ్మిదో తరగతి కుర్రాళ్ళిద్దరు, ఒకటో తరగతినుంచీ ఒకే బెంచీ మీద కూర్చున్నవాళ్ళు, రెండు రోజులుగా మాట్లాడుకోవడం లేదు. ఆదివారం సాయంత్రం ఎవరి ఇంట్లో వాళ్ళుండి ఇలాంటి ఆటే ఆడారట. ఒకడి ఇల్లు పొందూరు బజారులో. రెండోవాడిది పొలాల అవతల పల్లె. దారి చివర నిలబడ్డ పెద్ద బొమ్మ తల తిప్పినప్పుడు అందరూ ఆగిపోవాలి.

“మాస్టారూ, నేను ఆగిపోయానండి. నా ఫోనులో నేను కదలకుండా నిలబడ్డట్టే కనపడింది. అయినా నన్ను తీసేసింది” అన్నాడు పల్లెవాడు.

“లేదండి మాస్టారూ, నా ఫోనులో వీడు పరిగెడుతూనే ఉన్నాడు. నేను కళ్ళారా చూశాను. ఉత్త అబద్ధాలకోరు” అన్నాడు బజారువాడు.

ఇద్దరికీ కళ్ళు బాగానే ఉన్నాయి. ఇద్దరూ చూసిందే చెబుతున్నారు. మరి అబద్ధం ఎవరిది?

ముప్ఫై రెండు ఊళ్ళలో తోలుబొమ్మలాట

ఇలాంటి ఆట ఆడేటప్పుడు చాలామంది ఏమనుకుంటారంటే, ఎక్కడో ఒకచోట ఒకే పందెం జరుగుతోంది, దాన్ని అందరూ తమతమ ఫోన్లలో సినిమాలాగా చూస్తున్నారు అని. కాదు. తీగెల వెంట బొమ్మ రాదు. 

తోలుబొమ్మలాట చూశారు కదూ? ముప్ఫై రెండు ఊళ్ళలో ముప్ఫై రెండు తెరలు కట్టారనుకోండి. ప్రతి తెర వెనకా అవే బొమ్మలు, అదే దీపం. రాముడి బొమ్మ ఈ ఊళ్ళోనూ ఉంది, ఆ ఊళ్ళోనూ ఉంది. ఇప్పుడు ఒక పెద్దాయన ఎక్కడో కూర్చుని అన్ని ఊళ్ళకీ కబురు పంపుతున్నాడు: “రాముణ్ణి రెండడుగులు ముందుకి జరపండి, హనుమంతుణ్ణి గెంతించండి.” కబురు అందిన ఊళ్ళో ఆడించేవాడు బొమ్మను అలాగే కదుపుతాడు. బొమ్మలు ప్రయాణం చెయ్యలేదు, కబురే ప్రయాణం చేసింది.

ఫోను ఆట కూడా అంతే. ఆటను దించుకున్నప్పుడే (మీ భాషలో డౌన్‌లోడ్) బొమ్మలూ, గోడలూ, రంగులూ అన్నీ మీ ఫోనులోకి వచ్చి కూర్చున్నాయి. ఆట నడిచేటప్పుడు వచ్చేవి చిన్న చిన్న కబుర్లు మాత్రమే: ‘17వ ఆటగాడు ఇక్కడ ఉన్నాడు, ఇంత వేగంతో ఇటు పోతున్నాడు’ అని. ఆ పెద్దాయన స్థానంలో ఉండే కంప్యూటరుని ‘సర్వర్’ అంటారు. ఎవరు ఆగారు, ఎవరు కదిలారు, ఎవరు గీత దాటారు అనేది సాధారణంగా దాని తీర్పే. మీ ఫోను తీర్పు చెల్లదు. ఎందుకంటే ఫోను మీ చేతిలో ఉంది కనుక, మీరు దాన్ని మభ్యపెట్టవచ్చు!

కాబట్టి మన కుర్రాళ్ళిద్దరూ చూసింది ఒక పందెం కాదు. రెండు తెరల మీద రెండు తోలుబొమ్మలాటలు. కబురు ఎప్పుడు అందితే బొమ్మ అప్పుడు కదులుతుంది.

ఈ కబుర్ల సంగతిలో ఇంకో తమాషా ఉంది. పోస్టాఫీసులో కార్డుకీ రిజిస్టరు ఉత్తరానికీ తేడా మీకు తెలుసు. రిజిస్టరు ఉత్తరం అందినట్టు సంతకం కావాలి, అందకపోతే విచారణ జరుగుతుంది. కార్డు అలా కాదు, డబ్బాలో పడేశాక దాని అదృష్టం. మీరు ఫోనులో డబ్బు పంపినప్పుడు వెళ్ళేవి రిజిస్టరు ఉత్తరాల్లాంటివి, ఒక్క అక్షరం పోకూడదు. ఆటల్లో వెళ్ళేవి ఎక్కువగా కార్డులు. సెకండుకి ఇరవయ్యో ముప్ఫయ్యో కార్డులు పోతూ ఉంటాయి. ఒకటి దారిలో తప్పిపోతే దానికోసం ఆగి కూర్చోవడం దండగ. ఈలోగా కొత్త కార్డు రానే వస్తుంది, పాతదానిలోని వార్త ఎలాగూ చద్దివార్తే.

మరి రెండు కార్డుల మధ్య బొమ్మ ఎక్కడ ఉండాలి? కబురు రాలేదని అక్కడే ఆగిపోతే నడక కుంటినడక అవుతుంది. అందుకని ఫోను ఊహిస్తుంది. ‘ఇందాక ఇటు పరిగెడుతున్నాడు, ఇంకా ఇటే పరిగెడుతూ ఉంటాడు’ అని తనంతట తానే బొమ్మను నాలుగడుగులు నడిపించేస్తుంది. న్యూటన్ మొదటి సూత్రం చదివారు కదా? బలమేదీ తగలనంతవరకు వస్తువు అదే వేగంతో అదే దారిలో పోతుంది. ఫోను దాన్ని నమ్ముకుని బతుకుతుంది. ఊహ తప్పిందనుకోండి, తరవాత వచ్చిన కార్డు చూసుకుని బొమ్మను చప్పున వెనక్కి లాగేస్తుంది. గోడ దాటేసినవాడు ఉన్నట్టుండి గోడకి ఇవతల తేలడం మీరు చూసే ఉంటారు. ‘దెయ్యం పట్టింది’ అని మీరు నవ్వుకునేది ఆ దిద్దుబాటునే.

ఇప్పుడు తెలిసిందా? బజారువాడి ఫోనులో స్నేహితుడు పరిగెడుతూ కనిపించడానికి కారణం, వాడు ఆగాడన్న కబురు ఇంకా రాకపోవడమే. వచ్చేదాకా ఆ ఫోను వాణ్ణి పరిగెత్తిస్తూనే ఉంది.

కాంతికీ తొందర చాలదు

కబురు ఎందుకు ఆలస్యమవుతుంది? దానికి మూడు కారణాలు చూద్దాం. 

మొదటిది దూరం. శూన్యంలో కాంతి సెకండుకి మూడు లక్షల కిలోమీటర్లు పోతుంది. కాని కబుర్లు మోసే గాజుతీగెలో (అదే ఆప్టికల్ ఫైబర్‌లో) దాని వేగం రెండు లక్షలకి తగ్గిపోతుంది. గాజు వక్రీభవన గుణకం 1.5 అని మీ పుస్తకంలో ఉంది చూడండి, 3ని 1.5తో భాగించండి. అంటే సెకండులో వెయ్యోవంతు కాలానికి, మిల్లీసెకండుకి, 200 కిలోమీటర్లు. ముంబయి పొందూరుకి తిన్నగా గీత గీస్తే దాదాపు 1,150 కిలోమీటర్లు, అంటే 6 మిల్లీసెకండ్లు. సింగపూరు 2,900 కిలోమీటర్లు, 15 మిల్లీసెకండ్లు. అమెరికాలో లాస్ ఏంజెలిస్ 13,700 కిలోమీటర్లు, దాదాపు 70 మిల్లీసెకండ్లు. ఇది ఒకవైపు లెక్క, జవాబు రావడానికి మళ్ళీ అంతే. పోయి వచ్చే ఈ మొత్తాన్నే ‘పింగ్’ అంటారు. తీగె తిన్నగా పోదు, సముద్రం అడుగునా కొండల పక్కనా చుట్టి పోతుంది కాబట్టి నిజానికి ఇంకా ఎక్కువే అవుతుంది. మీరు ఎన్ని వేలు పోసి ఎంత గొప్ప ఫోను కొన్నా, ఈ కనీసపు ఆలస్యాన్ని ఒక్క మిల్లీసెకండు కూడా తగ్గించలేరు. ప్రకృతి పెట్టిన హద్దు అది.

రెండోది క్యూ. మీ ఫోనునుంచి టవరు దాకా కబురు రేడియో తరంగాల మీద పోతుంది. ఒక టవరుని వందలమంది పంచుకుంటారు. సాయంత్రం ఏడుగంటలకి ఊరంతా వీడియోలు చూస్తూంటే, పండగ ముందురోజు రైల్వే స్టేషనులో టిక్కెట్ల కిటికీ దగ్గర ఎలా ఉంటుందో టవరు దగ్గర అలా ఉంటుంది. టవరుకి దూరంగా ఉన్నవాడికి అదనపు కష్టం. తరంగం బలహీనపడి, కబురు చెడిపోయి, మళ్ళీ పంపాల్సి వస్తుంది. బజారులో 30 మిల్లీసెకండ్లలో అందేది పల్లెలో 150 పట్టవచ్చు. ఇంకా చిక్కేమిటంటే ఒకసారి 60, ఒకసారి 200 పట్టడం. రోజూ పది నిమిషాలు ఆలస్యంగా వచ్చే బస్సుతో వేగవచ్చు. ఏ రోజు ఎప్పుడొస్తుందో తెలియని బస్సుతో వేగలేం కదా!

క్రికెట్టు మ్యాచి రోజున ఇది ఇంకా బాగా కనిపిస్తుంది. పక్కింట్లోంచి “సిక్స్!” అని కేక వినిపిస్తుంది. మీ ఫోనులో బౌలరు ఇంకా పరిగెత్తుకుంటూ వస్తూంటాడు. పక్కింటివాళ్ళకి జోస్యం తెలియదు. వాళ్ళ టీవీకి దృశ్యం కొన్ని సెకండ్ల ముందు అందింది, అంతే. మ్యాచి చూసేవాళ్ళకి సెకండ్ల ఆలస్యం వల్ల సరదా పోతుందేమోగాని నష్టం లేదు. ఆడేవాళ్ళకి సెకండులో పదోవంతే ప్రాణం.

మూడోది మీరే! అవును, మీ చెయ్యి. దీన్ని కొలిచి చూసుకోవడానికి పైసా ఖర్చు లేదు. ముప్ఫై సెంటీమీటర్ల స్కేలు తెచ్చుకోండి. మీ స్నేహితుడు దాన్ని పై చివర పట్టుకుని నిలువుగా వేలాడదీయాలి. కింద సున్నా గీత దగ్గర మీరు బొటనవేలూ చూపుడువేలూ తాకీ తాకకుండా ఉంచండి. చెప్పకుండా వాడు వదిలేస్తాడు. మీరు పట్టుకోవాలి. ఏ గీత దగ్గర పట్టుకున్నారో చూడండి. 10 సెంటీమీటర్ల దగ్గరయితే మీకు పట్టిన కాలం 143 మిల్లీసెకండ్లు. 15 దగ్గర 175. 20 దగ్గర 202. 25 దగ్గర 226. 30 దాకా జారిపోతే 247. ఈ అంకెలు ఎలా వచ్చాయని అడుగుతారా? స్వేచ్ఛగా పడే వస్తువు సూత్రంలోంచే: పడిన దూరాన్ని 2తో గుణించి, 9.8తో భాగించి (దూరం మీటర్లలో సుమా!), వర్గమూలం తీయండి. 

పదిసార్లు చేసి సగటు తీసుకోండి. 10 సెంటీమీటర్ల లోపే పట్టేశానని ఎవరైనా గొప్పలు చెబితే నమ్మకండి. స్నేహితుడి వేళ్ళు కదలడం ముందే పసిగట్టాడన్నమాట. కంటినుంచి మెదడుకి, మెదడునుంచి వేలికి నరాల వెంట వార్త పోవాలి కదా, దానికీ సమయం పడుతుంది. మనలో చాలామందికి అది 200 మిల్లీసెకండ్లకి అటూ ఇటూగా ఉంటుంది.

ఇప్పుడు తీర్పు చెబుదాం

బొమ్మ తల తిప్పింది. సర్వర్ గడియారంలో అది సున్నా అనుకుందాం. ఇద్దరి చేతులూ సమానమే, 220 మిల్లీసెకండ్లు.

బజారువాడికి కబురు 30లో అందింది. వాడు 220లో వేలు ఎత్తేశాడు. ‘ఆగాడు’ అన్న కబురు తిరిగి 30లో చేరింది. మొత్తం 280.

పల్లెవాడికి 150లో అందింది. వాడూ 220లోనే వేలు ఎత్తాడు. తిరిగి చేరడానికి మరో 150. మొత్తం 520.

సర్వర్ 400 మిల్లీసెకండ్ల గడువు ఇచ్చిందనుకోండి. మొదటివాడు బతికాడు, రెండోవాడు పోయాడు. చేతులు ఒక్కలాంటివే! పల్లెవాడి తెర మీద చూస్తే బొమ్మ తిరిగిన 220కే వాడు కొయ్యలా నిలబడ్డాడు, అంటే వాడు చెప్పింది నిజం. బజారువాడి తెర మీద స్నేహితుడు ఇంకా పరిగెడుతున్నాడు, అంటే వాడు చెప్పిందీ నిజం. బోర్డు మీద ఈ లెక్క వేసేసరికి ఇద్దరూ ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. “అయితే మాస్టారూ, నేను మా ఊళ్ళో ఉన్నందుకు ఓడిపోయానా?” అన్నాడు పల్లెవాడు. ఆ ప్రశ్నకి నేను వెంటనే జవాబు చెప్పలేదు. ఎందుకంటే అది ఆటతో అయిపోయే ప్రశ్న కాదు. ఫోనులో పాఠం వినేవాడికీ, పోటీపరీక్షకి ఆఖరి నిమిషంలో దరఖాస్తు పెట్టేవాడికీ కూడా అదే టవరు, అదే క్యూ.

ఇంకో చిన్న సంగతి. మా పొందూరులో వాలుగ చేప దవడతో పత్తి దువ్వి, సన్ననూలు వడికి ఖాదీ నేస్తారని మీరు వినే ఉంటారు. మగ్గం దగ్గర నిలబడి చూడండి. నాడె అటునుంచి ఇటు పోతుంది, పన్నె ఒక దెబ్బ వేసి పోగుని గుడ్డలోకి నెడుతుంది. మళ్ళీ నాడె, మళ్ళీ దెబ్బ. దెబ్బకీ దెబ్బకీ మధ్య గుడ్డ పెరగదు. సర్వర్ కూడా ఇలాగే దెబ్బ వేసుకుంటూ పోతుంది. సెకండుకి 20 దెబ్బలనుకుంటే రెండింటి మధ్య 50 మిల్లీసెకండ్లు. దెబ్బ పడిన మరుక్షణం చేరిన కబురు తరవాతి దెబ్బ దాకా కాచుకుని ఉండాలి. గీత దగ్గర ఇద్దరూ ఒకే దెబ్బలో పడితే, వాళ్ళ మధ్య తేడాని సర్వర్ చూడనైనా చూడదు.

మరి దూరంగా ఉన్నవాడికి న్యాయం చెయ్యలేమా? చెయ్యవచ్చు. ప్రతి ఫోను పింగ్ ఎంతో సర్వరుకి తెలుసు. ‘వీడి కబురు 150 ఆలస్యంగా వస్తుంది, కాబట్టి వీడు 150 ముందే ఆగి ఉంటాడు’ అని లెక్క వెనక్కి జరిపి తీర్పు చెప్పే పద్ధతి ఉంది. తుపాకుల ఆటల్లో దీన్ని చాలా ఏళ్ళుగా వాడుతున్నారు. అయితే న్యాయం కోసం పెట్టిన ఈ వెసులుబాటులోంచి అన్యాయం దూరుతుంది. కొందరు ప్రబుద్ధులు తమ నెట్టుని కావాలనే కాస్సేపు ఆపి, ఆలస్యం సాకుతో లాభం పొందాలని చూస్తారు. అందుకని ఆట తయారుచేసేవాళ్ళు వెసులుబాటుకి ఒక హద్దు గీస్తారు. ఆ గీత ఎక్కడ గీయాలన్నది ఇంజనీరింగు ప్రశ్నా, ధర్మప్రశ్నా రెండూను.

ముప్ఫై రెండులో ఒక్కడు

ఇప్పుడు కాస్త లెక్కల్లోకి రండి. 32 మంది ఆడితే గెలిచేవాడు ఒక్కడు. అందరూ సమానమైన వాళ్ళే అనుకుంటే, ఒక ఆటలో మీరు గెలిచే సంభావ్యత 32లో ఒకటి, ఓడేది 32లో 31. పది ఆటలు ఆడితే? 31/32ని పదిసార్లు గుణించండి. 0.73 వస్తుంది. అంటే పది ఆటలాడినా ఒక్కసారి కూడా గెలవకపోవడానికి నూటికి 73 వంతులు అవకాశం ఉంది. 22 ఆటలు ఆడితేగాని గెలిచే అవకాశం సగానికి రాదు. ఆటకి అయిదు నిమిషాలు వేసుకోండి, గంటా యాభై నిమిషాలు! ఇరవై ఆటలు వరసగా ఓడినవాడు తెలివితక్కువవాడూ కాడు, దురదృష్టవంతుడూ కాడు. అది మామూలే. మరి అన్నిసార్లు ఓడుతూ కూడా ఎందుకు వదలలేరు?

దీనికి జవాబు పావురాలు చెప్పాయి. బి. ఎఫ్. స్కిన్నర్ అనే అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్త పావురాన్ని పెట్టెలో పెట్టి, మీట పొడిచినప్పుడు గింజ పడేలా చేశాడు. లెక్క ప్రకారం ఇన్ని పొడుపులకి ఒక గింజ అని ఇస్తే, గింజ తిన్నాక పావురం కాస్సేపు విశ్రాంతి తీసుకునేది. ఏ పొడుపుకి గింజ పడుతుందో తెలియకుండా చేస్తే మాత్రం ఆగకుండా పొడుస్తూనే ఉండేది. గింజలు రావడం మానేశాక కూడా చాలాసేపు వదిలేది కాదు. ‘ఈసారి కాకపోతే వచ్చేసారి’ అన్నది పావురానికి మాటల్లో తెలియకపోవచ్చు, మెదడుకి తెలుసు. పార్టీ గేములో మరుసటి ఆట బటను గెలిచినా ఓడినా అంత దగ్గరగా, అంత పెద్దగా ఎందుకు కనిపిస్తుందో ఒకసారి గమనించండి.

పైగా ఆట ఊరికే ఇస్తున్నారంటే ఇచ్చేవాడికి ఏదో లాభం ఉండాలి కదా? 2024 డిసెంబరు 26న ఆ సీరియల్ రెండో భాగం వచ్చినప్పుడు, ఎపిసోడ్లు చూసినవాళ్ళకి ఆటలో వాడుకునే బహుమతులు ఇస్తామన్నారు. ఆట సీరియల్‌కి దండోరా, సీరియల్ ఆటకి ఎర. పెద్దల సీరియల్‌కి బొమ్మలాట దండోరా వెయ్యడం నాకయితే నచ్చలేదు. డబ్బు పందెం పెట్టే ఆటల సంగతి వేరు, అవి చట్టానికే విరుద్ధం. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో చట్టం మార్చి వాటిని నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ చట్టం చేసింది. మనం చెప్పుకుంటున్న ఆటలో డబ్బు పందెం లేదు, పోయేది సమయమే.

గాజు వంతెన

చివరగా ఈ ఆటల్లోకెల్లా నాకు నచ్చిన లెక్క ఒకటి చెబుతాను. సీరియల్లోనూ ఫోను ఆటలోనూ గాజు వంతెన ఉంది. సీరియల్లో 18 జతల గాజు పలకలు. ప్రతి జతలో ఒకటి మామూలు గాజు, కాలు పెడితే పగులుతుంది. రెండోది గట్టిపరిచిన గాజు. ఆరు వందల డిగ్రీలకు పైగా వేడి చేసి, చల్లగాలితో గభాలున చల్లబరిస్తే గాజు పైపొర ముందు గట్టిపడుతుంది. తరవాత లోపలి భాగం చల్లారి కుంచించుకుంటూ పైపొరను బిగించి పడుతుంది. అందువల్ల అది మామూలు గాజుకి నాలుగు రెట్ల దెబ్బ తట్టుకుంటుంది. కారు పక్క అద్దాలు ఇవే. చూడ్డానికి రెండూ ఒక్కలాగే ఉంటాయి.

మొదట నడిచేవాడు 18 సార్లూ సరిగ్గా ఊహించాలి. ఆ అవకాశం 2,62,144లో ఒక్కటి. రెండోవాడికి మొదటివాడు పడినచోటు తెలుసు, అక్కడిదాకా నిర్భయంగా పోతాడు. అందరూ గుర్తు పెట్టుకుంటూ వస్తే ఎంతమంది పడిపోతారు? ఒక్కో జత దగ్గర మొదట అడుగేసేవాడు పడే అవకాశం సగం. 18 జతలు, కాబట్టి సగటున 9 మంది. సీరియల్లో 16 మంది బయలుదేరారు, లెక్క ప్రకారం 7గురు దాటాలి. ముగ్గురే దాటారు. ఒకళ్ళనొకళ్ళు తోసుకోవడమూ, దారి ఇవ్వకపోవడమూ, గడువు ముంచుకురావడమూ లెక్కలో లేవు మరి!

దీన్ని ఇంట్లో ఆడి చూడండి. మూడు జతలు, నలుగురు ఆటగాళ్ళు. ఒక్కో జతకి ఒకసారి నాణెం ఎగరేయండి. బొమ్మ పడితే ముందున్నవాడు దాటాడు, బొరుసు పడితే పడిపోయాడు, వెనకవాడు ఆ జత దాటి ముందుకి వస్తాడు. మూడుసార్లు ఎగరేస్తే ఒక ఆట అయింది. నలభై ఆటలాడి ఎవరు ఎన్నిసార్లు దాటారో రాసుకోండి. మొదటివాడికి 5, రెండోవాడికి 20, మూడోవాడికి 35కి దగ్గరగా రావాలి. నాలుగోవాడు నలభైసార్లూ దాటతాడు. 

అది వచ్చాక 18 జతల వంతెన దగ్గరకి రండి. అక్కడ తొమ్మిదోవాడు దాటే అవకాశం నూటికి 41, వాడి వెనకే నిలబడ్డ పదోవాడికి 59. ఒక్క అడుగు వెనక ఉన్నందుకు అంత తేడా ఎలా వచ్చిందో, రెండూ కలిపితే సరిగ్గా నూరే ఎందుకయిందో కాగితం మీద తేల్చండి. నాణెం ఎగరేసినప్పుడు 9 బొమ్మలూ 9 బొరుసులూ పడే అవకాశం ఎంతో కనుక్కుంటే తాళంచెవి దొరికినట్టే.